కొత్త బ్లాకు తాళాలు చేతికొచ్చాక: విస్తరించిన ఆధునిక కళా మ్యూజియాన్ని తిరిగి తెరవడం ఎలా

కాంట్రాక్టరు తాళాలు అప్పజెప్పిన రోజున గోడలు తెల్లగా మెరుస్తుంటాయి, నేల అద్దంలా ఉంటుంది, ఏసీ హాయిగా నడుస్తుంటుంది. గోదాములో మూలుగుతున్న బొమ్మలన్నిటినీ మర్నాడే తెచ్చి తగిలించెయ్యాలనిపిస్తుంది. ఆగండి. భవనం తయారైందే గానీ అందులోని గాలి ఇంకా తయారు కాలేదు. ఆధునిక కళకు ఈ తేడా మరీ ముఖ్యం. పాత తైలవర్ణ చిత్రం మీద కనీసం వార్నిష్ పొర ఉంటుంది. ఇక్కడున్నవి వార్నిష్ లేని అక్రిలిక్, ప్రైమర్ కూడా పట్టించని వట్టి కాన్వాస్, రబ్బరు, ప్లాస్టిక్, ఫొటో కాగితం. వీటిలో చాలావాటి మీద దుమ్ము ఒకసారి పట్టిందంటే తుడవడానికి దారి లేదు.

కింద ఉన్నది చేయాల్సిన వరసలోనే ఉంది. వరస మార్చితే చేసిన పనే మళ్లీ చేయాల్సి వస్తుంది.

1. తేదీని వెనక నుంచి లెక్కపెట్టండి

ప్రారంభోత్సవం తేదీని ట్రస్టీలు ముందే ప్రకటించేస్తారు, దాన్ని మీరు ఆపలేరు. కాబట్టి ఆ తేదీ నుంచి వెనక్కి రండి. చివరి 2 వారాలు జనంతో ట్రయల్‌కి. అంతకు ముందు 2 వారాలు దీపాలకీ లేబుళ్లకీ. తగిలించే పని మొదలవ్వాల్సింది ప్రారంభానికి 10 నుంచి 12 వారాల ముందు. దానికి ముందు దుమ్ము దులపడానికి 2 వారాలు, గాలి నిలకడగా ఉందని రికార్డు చూడడానికి 4 వారాలు, రంగుల వాసన పోవడానికి మరో 4 వారాలు. మొత్తం కలిపితే ఆఖరి డబ్బా రంగు మూత పెట్టిన రోజు నుంచి తలుపులు తీసే రోజుకి సుమారు 5 నెలలు.

దీనికి 4 వారాలు అదనంగా చేర్చండి. ఆ అదనాన్ని ప్రారంభానికి ముందు పెట్టకండి, బొమ్మలు రావడానికి ముందు పెట్టండి. చివర్లో పెట్టిన ఖాళీ సమయాన్ని క్యూరేటర్ల మార్పులు తినేస్తాయి. ముందు పెట్టింది మాత్రమే కాంట్రాక్టరు ఆలస్యానికి అడ్డు నిలుస్తుంది.

న్యూయార్క్‌లోని మ్యూజియం ఆఫ్ మోడర్న్ ఆర్ట్ 2019 జూన్ మధ్యలో మూసి, అక్టోబర్ 21న తెరిచింది. నాలుగు నెలల్లో విస్తరణ ముగించారని దీన్ని చూసి అనుకోకండి. కట్టుబడి అంతకు చాలాకాలం ముందు నుంచీ సాగుతూనే ఉంది, మూసిన కాలం ముఖ్యంగా ఆఖరి పనికీ సేకరణను కొత్తగా అమర్చడానికీ సరిపోయింది. శాన్‌ఫ్రాన్సిస్కో ఆధునిక కళా మ్యూజియం ఇంకో దారి పట్టింది: 2013 జూన్‌లో పూర్తిగా మూసేసి, 2016 మే 14న తెరిచింది. సగం తెరిచి ఉంచి కట్టేటట్టయితే దుమ్ముతోనూ అదురుతోనూ రోజూ యుద్ధమే. పూర్తిగా మూస్తే సేకరణ మొత్తానికీ గోదాము వెతకాలి. రెండిటిలో ఏది ఎంచుకున్నా పైన చెప్పిన 5 నెలల లెక్క మాత్రం మారదు.

2. గోడలూ నేలా ఏం వదులుతున్నాయో తెలుసుకోండి

కొత్త గది వాసన అంటే గాలిలో తిరుగుతున్న రసాయనాలే. ఎండీఎఫ్ (చెక్క పొట్టును జిగురుతో అదిమి చేసే పలక) నుంచి ఫార్మాల్డిహైడ్, ఫార్మిక్ ఆమ్లం వస్తాయి. ఓక్ చెక్క నుంచి ఎసిటిక్ ఆమ్లం వస్తుంది, అది సీసపు వస్తువుల మీద తెల్లటి బూజులాంటి పొర పుట్టిస్తుంది. ఉన్ని బట్టలు, కొన్ని రకాల రబ్బరు మ్యాట్లు గంధక వాయువులు వదులుతాయి, వాటికి వెండి నల్లబడుతుంది. నలుపు తెలుపు ఫొటోల్లో బొమ్మను కట్టేది వెండి కణాలే అని మర్చిపోకూడదు. తాజా ఆయిల్ పెయింటు, ఆల్కిడ్ ఎనామెల్ (నూనె ఆధారంగా చేసే మెరుపు రంగు) వదిలే పెరాక్సైడ్లు కూడా ఫొటోల మీద మచ్చలు తెస్తాయి. అందుకే గ్యాలరీ గోడలకు నీటితో కలిపే అక్రిలిక్ ఎమల్షన్ వాడి, వేసిన తర్వాత 4 వారాలు గాలాడనివ్వండి. తలుపులకూ రెయిలింగ్‌లకూ ఎనామెల్ వేస్తామని పెయింటర్లు అడుగుతారు. వద్దనండి.

ఏ సామాను ఏం వదులుతుందో ముందే తేల్చుకునే పద్ధతి ఆడీ పరీక్ష. 1973లో బ్రిటిష్ మ్యూజియంలో ఆండ్రూ ఆడీ రూపొందించిన ఈ పరీక్షలో సామాను ముక్క 2 గ్రాములు, కొద్ది నీళ్లు, శుభ్రం చేసిన వెండి, రాగి, సీసం రేకులు గాజు పాత్రలో మూసి 60 డిగ్రీల సెల్సియస్ దగ్గర 28 రోజులు ఉంచుతారు. ముక్క లేకుండా రేకులు మాత్రమే ఉన్న ఇంకో పాత్ర పక్కన ఉండాలి, పోల్చుకోవడానికి. ఫలితం మూడు రకాలు: శాశ్వతంగా వాడొచ్చు, ఆరు నెలల లోపు ప్రదర్శనకు వాడొచ్చు, వాడకూడదు. 28 రోజులంటే 28 రోజులే, తొందర పెట్టలేం. కాబట్టి షోకేసుల లోపలి బట్ట, జిగురు, సీలెంటు, పెయింటు ఆర్డరు పెట్టకముందే నమూనాలు పరీక్షకి వెళ్లాలి. సామాను దిగాక పరీక్ష పెడితే తప్పొచ్చిన దాన్ని వెనక్కి పంపే ధైర్యం ఎవరికీ ఉండదు.

కాంక్రీటుది వేరే సంగతి. పోత పోసిన స్లాబు అనుకూల వాతావరణంలో నెలకు సుమారు 2.5 సెంటీమీటర్ల మందం చొప్పున ఆరుతుందని పని లెక్క. 15 సెంటీమీటర్ల స్లాబు ఒక పక్క నుంచే ఆరాల్సి వస్తే ఆరు నెలలు. అది పచ్చిగా ఉండగానే పైన చెక్క నేల పరిస్తే పలకల అంచులు పైకి లేస్తాయి, పైగా ఆ తేమంతా గ్యాలరీలోకే వస్తుంది. స్లాబులో రంధ్రం చేసి తేమ మీటరు పెట్టి కొలవమని కాంట్రాక్టరును అడగండి, కొలిచిన కాగితం చేతికి తీసుకోండి.

3. ఖాళీ గదుల్లో ఏసీని నడిపి చూడండి

పెద్ద మ్యూజియాల డైరెక్టర్ల బృందమైన బిజో ఒప్పుకున్న హద్దులు ఇవి: సాపేక్ష తేమ 40 నుంచి 60 శాతం మధ్య, ఉష్ణోగ్రత 16 నుంచి 25 డిగ్రీల మధ్య, 24 గంటల్లో తేమ హెచ్చుతగ్గు 10 శాతానికి మించకుండా. ఇతరుల దగ్గర్నుంచి ఎరువు తెచ్చే బొమ్మల ఒప్పందాల్లో ఇంకా బిగువైన హద్దులు, ఉదాహరణకు 50 శాతానికి 5 అటూ ఇటూ, ఉండొచ్చు. ఏ గదిలో ఎరువు బొమ్మలు పెడతారో ఆ గదికి ఆ ఒప్పందమే లెక్క.

లాగర్లు, అంటే తేమనూ ఉష్ణోగ్రతనూ తమంతట తామే రాసుకునే చిన్న పరికరాలు, 15 నిమిషాలకోసారి నమోదు చేసేలా పెట్టి, కనీసం 4 వారాలు నడపండి. ఎక్కడ పెట్టాలనేదే అసలు కిటుకు. గది మధ్యలో పెడితే రీడింగులు ఎప్పుడూ అందంగానే ఉంటాయి. ఒకటి బయటి గోడకు ఆనించి ఒకటిన్నర మీటరు ఎత్తున, ఒకటి చల్లగాలి వచ్చే జాలీ ఎదురుగా, ఒకటి గాలి చేరని మూలన, ఒకటి సరుకు లిఫ్టు తలుపు దగ్గర పెట్టండి. పాత భవనం, కొత్త బ్లాకు కలిసే చోట అటొకటి ఇటొకటి తప్పనిసరి. రెండు ఏసీ వ్యవస్థలు ఆ గుమ్మం దగ్గర ఒకదానితో ఒకటి పోట్లాడుకుంటాయి, గాలి ఒక వైపు నుంచి ఇంకో వైపుకి తోసుకొస్తుంది. ఆ గుమ్మానికి 3 మీటర్ల లోపల కాగితం బొమ్మలూ చెక్క పలకల మీద వేసిన బొమ్మలూ పెట్టకండి.

రీడింగుల గ్రాఫులో సాధారణంగా కనిపించే జబ్బులు మూడు. రోజూ ఒకే వేళకు తేమ ఎగబాకి దిగుతుంటే, కరెంటు ఆదా కోసం ఎవరో రాత్రిపూట ఏసీ ప్లాంటు వేగం తగ్గించే అమరిక పెట్టారన్న మాట, దాన్ని తీయించండి. ప్లాంటు గదిలోని తెర మీద 50 శాతం చూపిస్తూ మీ లాగర్ 58 చూపిస్తే, ప్లాంటు సెన్సర్ తిరుగు గాలి డక్టులో (గదుల గాలిని ప్లాంటుకు వెనక్కి తీసుకెళ్లే గొట్టంలో) ఉందనీ గోడ దగ్గరి సంగతి దానికి తెలియదనీ అర్థం. వారాంతంలో మాత్రమే తేడా వస్తే, మనుషులు లేనప్పుడు ఎవరో స్విచ్ కట్టేస్తున్నారు.

4 వారాలు నిలకడగా నడిచాక, కట్టుబడి కాలంలో పెట్టిన ఫిల్టర్లు తీసేసి మెర్వ్ 13 (మెర్వ్ అంటే ఫిల్టరు దుమ్ము పట్టే శక్తికి కొలత) లేదా అంతకంటే మెరుగైనవి వేయించండి. రసాయన వాయువుల కోసం బొగ్గు ఫిల్టరు గది ఉంటే అప్పుడే నింపించండి, ముందు నింపితే పెయింటు వాసనతోనే దాని శక్తి అయిపోతుంది.

స్ప్రింక్లర్ పైపులు కడగడం, పొగ పరీక్ష, అలారం మోగితే ఏసీ ఆగుతుందో లేదో చూడడం, ఇవన్నీ కూడా ఈ దశలోనే ముగియాలి. నాటకాల్లో వాడే పొగ యంత్రంతో చేసే పరీక్ష సన్నటి జిడ్డు పొర వదులుతుంది. బొమ్మలు వచ్చాక ఆ యంత్రాన్ని గుమ్మంలోకి కూడా రానివ్వకండి.

4. దుమ్ము: మూడు సార్లు

అక్రిలిక్ ఎమల్షన్ రంగు ఎండినా గది వేడిలో కాస్త మెత్తగానే ఉంటుంది. జిప్సం బోర్డు రుద్దినప్పుడు లేచే పొడి దాని మీద వాలితే అందులోకి దిగిపోతుంది, పైపైన కూర్చుని ఉండదు. అందుకని దుమ్ము పని ఇంటి శుభ్రత లెక్కన చేస్తే చాలదు.

హెపా ఫిల్టరున్న (అతి సన్నటి దుమ్మును కూడా పట్టేసే) వాక్యూమ్‌తో పై నుంచి కిందికి రండి: దూలాలు, డక్టుల వీపులు, దీపాల పట్టాలు, జాలీలు, గోడలు, ఆఖరున నేల. తర్వాత కొద్దిగా తడిపిన మైక్రోఫైబర్ గుడ్డ. పొడి చీపురు ఎక్కడా వాడకండి, అది దుమ్మును ఒక చోటి నుంచి ఇంకో చోటికి మార్చడానికే పనికొస్తుంది. 48 గంటలు ఆగితే గాలిలో తేలుతున్నది కూడా కిందికి దిగుతుంది. మళ్లీ మొదటి నుంచి. ఇలా మూడు సార్లు. పరీక్షకి ఒక నల్లటి అక్రిలిక్ పలకను చదునుగా పెట్టి వారం వదిలేయండి. వేలితో గీస్తే గీత కనిపించిందా, నాలుగోసారి కూడా తప్పదు.

ఈ రోజు తర్వాత డ్రిల్లింగు ఎవరు చేసినా బిట్ పక్కనే వాక్యూమ్ గొట్టం పట్టుకునే మనిషి ఉండాలి. ఈ నియమం కాగితం మీద రాసి ఎలక్ట్రీషియన్ల సూపర్వైజరు సంతకం తీసుకోండి. చివరి నిమిషంలో కెమెరా జరపడానికి వచ్చేది వాళ్లే.

5. దారి కొలవండి, బరువు లెక్కగట్టండి

ట్రక్కు దిగే అరుగు నుంచి గోడ వరకూ ఉన్న ప్రతి తలుపు, ప్రతి మలుపు, సరుకు లిఫ్టు లోపలి ఎత్తు, లిఫ్టు తలుపు ఎత్తు కొలిచి ఒక పట్టికలో రాయండి. తలుపు ఎత్తు సాధారణంగా లోపలి ఎత్తు కంటే తక్కువే ఉంటుంది, చాలామంది లోపలిది మాత్రమే కొలుస్తారు. పెద్ద కాన్వాస్‌కి ప్రయాణ చట్రం ప్రతి వైపూ 10 నుంచి 15 సెంటీమీటర్లు కలుపుతుంది. సేకరణలో అన్నిటికంటే పెద్ద బొమ్మ కొలతలకు బద్దలతో ఒక ఉత్త చట్రం కట్టించి, చక్రాల బండి మీద దారంతా నడిపించి చూడండి. అరపూట పని. కాగితం మీద పట్టిన మలుపు చాలాసార్లు స్ప్రింక్లర్ తల దగ్గర పట్టదు.

శిల్పాల దగ్గర నేల బలం చూసుకోవాలి. చదరపు మీటరుకు 500 కిలోలు మోసే నేల అనుకుందాం. 2,000 కిలోల ఉక్కు శిల్పం 10 సెంటీమీటర్ల చదరపు పాదాలు నాలుగింటి మీద నిలబడితే ఆ బరువంతా 0.04 చదరపు మీటర్ల మీదే పడుతుంది, అంటే చదరపు మీటరుకు 50,000 కిలోల లెక్క. కింద 2 మీటర్ల చదరపు ఉక్కు పలక వేస్తే అదే బరువు 500కి దిగుతుంది. అయితే పలక బరువు, శిల్పాన్ని తెచ్చే ఫోర్క్‌లిఫ్టు బరువు ఇంకా కలపాలి. కాబట్టి ఆఖరి మాట స్ట్రక్చరల్ ఇంజనీరుదే. శాన్‌ఫ్రాన్సిస్కోలో రిచర్డ్ సెర్రా భారీ ఉక్కు శిల్పం ‘సీక్వెన్స్’ను భవనం పని ఇంకా జరుగుతుండగానే లోపలికి దించేశారు. అంతటి వస్తువు మీ జాబితాలో ఉంటే గోడ మూయకముందే కాంట్రాక్టరుతో మాట్లాడండి, తర్వాత గోడ పగలగొట్టాల్సి వస్తుంది.

6. పెట్టెలు విప్పడం

చెక్కపెట్టె గ్యాలరీలోకి చేరాక 24 గంటలు మూత తీయకండి. లోపలి గాలి బయటి గాలితో నెమ్మదిగా కలవాలి. చలి ప్రాంతం నుంచి వచ్చిన అక్రిలిక్ బొమ్మలకు ఇది ప్రాణం లాంటిది: చలిలో ఆ రంగు పొర పెళుసెక్కుతుంది, చిన్న కుదుపుకే బీటలిస్తుంది. పెట్టె పైభాగాన్ని వాక్యూమ్ చేశాకే లోపలికి రానివ్వండి. పెట్టె అడుగు చెక్కల్లో పురుగు రంధ్రాలు, తాజా పొట్టు ఉన్నాయేమో చూడండి.

విప్పేటప్పుడు ఇద్దరుండాలి: ఒకరు చూడడానికి, ఒకరు రాయడానికి. టార్చి వెలుగును పక్క నుంచి ఏటవాలుగా వేసి, వెళ్లేముందు తీసిన ఫొటోలతో మూల మూలా పోల్చండి. మేకు నుంచి మేకు వరకు, అంటే సొంత గోడ మీంచి దించింది మొదలు మళ్లీ అక్కడ తగిలించే దాకా, బీమా ఉన్నా, ఎక్కడ దెబ్బ తగిలిందో చెప్పే కాగితం లేకపోతే ఆ బీమాతో వాదనే మిగులుతుంది.

7. తగిలించడం

గోడ 12.5 మిల్లీమీటర్ల జిప్సం బోర్డు, దాని వెనక 18 మిల్లీమీటర్ల ప్లైవుడ్ అయితే కొక్కెం ఎక్కడైనా దిగుతుంది. ప్లైవుడ్ లేకుండా కట్టిన గోడ పెద్ద బొమ్మకు పనికిరాదు.

బొమ్మ నడిమి గీత నేల నుంచి 145 నుంచి 150 సెంటీమీటర్ల దగ్గర ఉంచండి, మ్యూజియం మొత్తానికీ ఒకటే అంకె పెట్టుకోండి. కొక్కెం ఎత్తు కట్టే లెక్క: నడిమి ఎత్తు, దానికి బొమ్మ ఎత్తులో సగం కలిపి, పై అంచు నుంచి తీగ బిగిసినప్పటి దూరం తీసేయాలి. 120 సెంటీమీటర్ల బొమ్మ, తీగ పై అంచుకు 8 సెంటీమీటర్ల కింద, నడిమి గీత 150: అంటే 150 + 60 − 8 = 202. ఒక్క కొక్కెం మీద వేలాడదీస్తే అదురుకి వంగుతుంది, రెండు పెట్టండి. బయటి గోడ మీదైతే కింది మూలల్లో 2 సెంటీమీటర్ల దిమ్మలు అతికించి వెనక గాలాడనివ్వండి.

కొత్త గదుల పైకప్పు ఎత్తుగా ఉంటుంది కాబట్టి బొమ్మలు పైకి జరపాలన్న ఆశ పుడుతుంది. జరపకండి. పైకప్పు ఎంత ఎత్తున్నా చూసే కన్ను ఎత్తు మారదు.

మేకు కొట్టకముందు బొమ్మ కొలతకు కాగితం కత్తిరించి గోడకు అంటించి రెండు రోజులు చూడండి, వాదనలన్నీ అప్పుడే తేలిపోతాయి. వీల్‌చైర్ తిరగడానికి 150 సెంటీమీటర్ల వలయం అన్ని గదుల్లోనూ మిగలాలి. లేబుళ్లు కూర్చున్నవాళ్లకీ అందే ఎత్తులో, 18 పాయింట్లకు తగ్గని అక్షరాలతో ఉండాలి.

8. దీపాలు

వెలుతురును లక్స్‌లో కొలుస్తారు. కాగితం, ఫొటో, బట్ట ఉన్న చోట 50 లక్స్. తైలం, అక్రిలిక్ అయితే 150 నుంచి 200. రాయి, లోహం అయితే 300 దాకా పర్వాలేదు. మీటరును బొమ్మ ఉపరితలానికి ఆనించి, అయిదు చోట్ల కొలవండి. మధ్యలో 50 ఉండి పై అంచులో 90 ఉండడం మామూలే.

లక్స్ ఒక్కటే చూస్తే సగం లెక్కే. 50 లక్స్ చొప్పున రోజుకు 8 గంటలు, ఏడాదికి 300 రోజులంటే 1,20,000 లక్స్ గంటలు. 90 రోజులకే దించేస్తే 36,000. కాగితం బొమ్మలను మూడు నాలుగు నెలలకోసారి మార్చాలనేది అందుకే. న్యూయార్క్ మ్యూజియం 2019లో తెరిచినప్పుడు ఆరు నెలలకోసారి గ్యాలరీల్లో మూడో వంతు మారుస్తామని ప్రకటించింది. మీరూ మొదటి రోజే రెండో విడత జాబితా తయారుగా ఉంచుకుంటే ఆరో నెలలో కంగారుండదు.

కొత్త బ్లాకుల్లో గాజు ఎక్కువ. పైకప్పు గాజు ఉన్న గదిని ఉదయం, మిట్టమధ్యాహ్నం, సాయంత్రం కొలవండి. ఎండ పలక గోడ మీద ఎక్కడెక్కడ పాకుతుందో చాక్‌పీసుతో గీయండి. ఎండ దారి కాలాన్ని బట్టి మారుతుంది, కాబట్టి ఒక్క నెల కొలతను నమ్మి సున్నితమైనవి ఆ గోడకు తగిలించకండి.

9. వీడియో, శబ్దం, గొట్టపు దీపాలు

ప్రొజెక్టర్లను రోజుకు 8 గంటలు, వరసగా 7 రోజులు నడపండి. వేడెక్కి ఆగిపోయేవి మూడో రోజుకు బయటపడతాయి. అన్ని వీడియోలూ ఒకేసారి మోగిస్తూ గదులన్నీ నడవండి, పక్క గది మాటలు ఈ గదిలో వినిపిస్తే తలుపు దగ్గర మందపాటి తెర లేదా గదుల మార్పు. ఫ్లోరసెంట్ గొట్టాలతోనో పాత పెట్టె టీవీలతోనో చేసిన కళాఖండాలకు విడిభాగాలు ఎన్ని మిగిలాయో ఇప్పుడే లెక్కపెట్టండి.

10. పాతా కొత్తా కలిసే చోట దారి

జనం తప్పిపోయేది ఆ అతుకు దగ్గరే. పాత రెండో అంతస్తు కొత్త రెండో అంతస్తుతో సమానంగా లేకపోవచ్చు, అక్కడ అర మెట్ల వరసో ర్యాంపో వస్తుంది. రెండు భవనాలకూ కలిపి ఒకే అంకెల వరస పెట్టండి. న్యూయార్క్‌లో అయిదో అంతస్తు గ్యాలరీలు 500లు, నాలుగోది 400లు. అంకె చూడగానే అంతస్తు తెలుస్తుంది, మధ్యలో గది చేరినా వరస చెడదు. ద్వారం మారితే పని ఇంకా పెద్దది. ఆమ్‌స్టర్‌డామ్ స్టెడెలిక్ మ్యూజియం 2012లో తిరిగి తెరిచినప్పుడు ప్రవేశం కొత్త భవనంలోకి, మైదానం వైపుకి వచ్చింది. అలాంటప్పుడు పాత ద్వారం దగ్గర కూడా మొదటి కొన్ని నెలలు మనిషి నిలబడాలి, బోర్డు ఒక్కటే చాలదు.

భవనం ఎప్పుడూ చూడని పది మందిని పిలిచి మూడు పనులివ్వండి: మరుగుదొడ్డి, ఫలానా అంకె గది, బయటికి దారి. వెనక నడుస్తూ వాళ్లు ఆగిన చోట నేల మీద టేపు ముక్క అంటించండి. టేపులు గుమిగూడిన చోట బోర్డు కావాలి.

11. జనంతో ట్రయల్

మనిషి శరీరం సుమారు 100 వాట్ల వేడి, గంటకు 50 గ్రాముల తేమ వదులుతుంది. 300 మంది లోపలుంటే 30 కిలోవాట్ల హీటరు, గంటకు 15 లీటర్ల నీటి ఆవిరి. తడి గొడుగులు ఇందులో కలపలేదు. ఖాళీ గదుల్లో నెల రోజులు నిలకడగా ఉన్న గ్రాఫు మొదటి రద్దీ రోజున చెదిరేది దీనివల్లే. కాబట్టి మొదటి ట్రయల్‌కి 50 మంది, తర్వాత 200, తర్వాత సగం సామర్థ్యం, చివరికి పూర్తి. ఒక్కో ట్రయల్ తర్వాత తేమ ఎంత పెరిగిందో, మామూలుకు రావడానికి ఎంతసేపు పట్టిందో రాసుకోండి. రెండు గంటలు దాటితే ఇంజనీర్లను పిలవండి.

టికెట్ల లెక్క ఇలా. లోపల హాయిగా 400 మంది పడతారు, ఒక్కొక్కరు 2 గంటలుంటారంటే, అర గంటకు 100 టికెట్లు. కానీ మొదటి వారాల్లో జనం 3 గంటలుంటారు, కొత్తదంతా చూడాలిగా. అప్పుడు అర గంటకు 66 మించకూడదు. 100 అమ్మేస్తే మూడో గంటకల్లా లోపల 600 మంది. ట్రయల్స్‌లో లోపలికీ బయటికీ వెళ్లినవాళ్లను వేళతో సహా లెక్కపెట్టించి, మీ అసలు అంకె పట్టుకోండి.

కెమెరాల గది నుంచి కూడా ఒక మనిషి చూస్తుండాలి. బొమ్మలు, తాత్కాలిక గోడలు వచ్చాక ముందు లేని చాటు మూలలు పుట్టి ఉంటాయి. జనం ఫొటోల కోసం వెనక్కి వెనక్కి నడిచే శిల్పాల దగ్గర కాపలా మనిషి స్థానం మారుతుంది.

12. తెరిచిన మొదటి వారం

ప్రతి రోజూ తెరవడానికి గంట ముందు రిజిస్ట్రారు (బొమ్మల రాకపోకలూ రికార్డులూ చూసే ఉద్యోగి) ఒకరు టార్చితో అన్ని గదులూ తిరగాలి: వంగిన చట్రాలు, చెదిరిన లేబుళ్లు, చేతి ముద్రలు, నేల మీద రాలిన రంగు రేణువులు. మూసిన తర్వాత లాగర్ల గ్రాఫు. నల్ల పలకను మళ్లీ పెట్టండి, ఈసారి దుమ్ము జనం బట్టల నుంచి వస్తుంది. గుమ్మం దగ్గర పొడవాటి మ్యాటు వేసి ఉన్నా రెండో రోజుకే అది నిండిపోతుంది, మార్చడానికి ఇంకొకటి సిద్ధంగా ఉండాలి.